పీడకలేశ్వరుడా, కలవరమ్మా?

ప్రశ్న: సర్, హైదరాబాద్‌లో డిగ్రీ చదువుతూ ఒక ఫాంటసీ సీరియల్ రాస్తున్నాను. కథంతా నిద్రలోకంలో నడుస్తుంది. మనిషి లోపల దాచుకున్న భయాన్ని పట్టుకుని దాన్ని పీడకలగా మార్చేవాడు అక్కడ ఒకడున్నాడు. అతనికి ‘పీడకలేశ్వరుడు’ అని పేరు పెట్టి, ‘పీడకలలను ఆకృతీకరించే దేవత’ అని పరిచయం చేశాను. చదివిన ఫ్రెండ్ ఒకడు ఇది వైరిసమాసం, అంటే సంస్కృతాన్నీ తెలుగునూ కలపకూడని చోట కలిపిన మాట అన్నాడు, మగవాణ్ణి దేవత అనకూడదని కూడా అన్నాడు. నిజమేనా?

సమాధానం: మీ ఫ్రెండ్‌కి తప్పు ఉందని తెలిసింది గానీ ఎక్కడుందో దొరకలేదు. ‘పీడకల’లో ఏ దోషమూ లేదు. పీడ సంస్కృతం నుంచి వచ్చి తెలుగులో కలిసిపోయిన మాట, కల అచ్చ తెలుగు, రెండూ కలిస్తే మిశ్రసమాసం, అంతే. ఇబ్బంది తర్వాతి అడుగులో ఉంది. కల పక్కన ఈశ్వరుణ్ణి తెచ్చి ‘కలేశ్వరుడు’ అన్నారు చూడండి, అది గుణసంధి, సంస్కృత పదాల మధ్య జరిగేది. తెలుగు మాటకు దాన్ని తగిలిస్తే ‘తిండేశ్వరుడు’, ‘అప్పులేశ్వరుడు’ అని ఎవరినో ఆటపట్టించినట్టు ఉంటుంది. భయపెట్టాల్సినవాడు వస్తుంటే పాఠకుడు నవ్వితే మీ సీన్ పోయినట్టే. పోనీ తెలుగు సంధి చేద్దామంటే ‘కలీశ్వరుడు’ అవుతుంది, విన్నవాళ్లు కలిపురుషుడు అనుకుంటారు. ‘దుస్స్వప్నేశ్వరుడు’ వ్యాకరణానికి నిక్షేపంగా నిలుస్తుంది, నాలుక మీదే నిలవదు. ఆ దుస్స్వప్నం అనే మాట మన ఇళ్లలో ఇంకా బతికుందంటే గజేంద్రమోక్షం చదివితే చెడ్డకలలు రావని పెద్దవాళ్లు చెప్పే మాట వల్లే అనుకుంటాను.

దేవత సంగతి. సంస్కృతంలో ఇది ఎప్పుడూ స్త్రీలింగ పదమే, అగ్నిని అన్నా ఇంద్రుణ్ణి అన్నా సరే. తెలుగులో బహువచనానికి పేచీ లేదు, ‘ముక్కోటి దేవతలు వచ్చారు’ అంటే అందులో మగవాళ్లూ ఉన్నారని అందరికీ తెలుసు. ఏకవచనంలోకి దిగేసరికి ‘దేవత వచ్చింది’ తప్ప ‘దేవత వచ్చాడు’ అని తెలుగు చెవి ఒప్పుకోదు. కాబట్టి ఆ రెండో మాటలో మీ ఫ్రెండే కరెక్టు. ఆడా మగా తేల్చకుండా దాచిపెట్టాలంటే ‘వేల్పు’ అనండి. ఇలవేల్పు నరసింహస్వామీ కావచ్చు, ఎల్లమ్మా కావచ్చు.

ఇక ‘ఆకృతీకరించే’. ఇది మీరు తెలుగులో అనుకుని రాసిన మాట కాదు, ఒప్పుకోండి! ప్రభుత్వ జీవో చదువుతున్నట్టుంది. మంచి కలలైతే అల్లుతాడు, మలుస్తాడు అనొచ్చు. పీడకలలకు నేనైతే ‘పన్నుతాడు’ అంటాను. వల పన్నడం, కుట్ర పన్నడం, వ్యూహం పన్నడం అన్నీ అవతలివాడికి తెలియకుండా జరిగేవే కదా. ‘పీడకలలు పన్నే వేల్పు’ అంటే ఆ మూడు మాటల్లోనే అతని స్వభావం వచ్చేస్తుంది.

మీ ప్రశ్న చదివాక ఇలాంటివాడు మన వాఙ్మయంలో ఎవరైనా ఉన్నారా అని ఆలోచించాను. మన దేవుళ్లు కలల్లోకి తెగ వస్తారు. రాయలవారికి ‘దేశభాషలందు తెలుగు లెస్స’ అని ఆంధ్రవిష్ణువు చెప్పింది కలలోనే. ఇక్కడే గోల్కొండలో తానీషాకు రామలక్ష్మణులు కలలో కనిపించి రామదాసు బాకీ తీర్చారని ఒక కథ, కాదు స్వయంగానే వచ్చారని ఇంకో కథ. వీళ్లంతా కలలోకి వచ్చి పని చూసుకుని వెళ్లేవాళ్లే తప్ప కలను తయారుచేసేవాళ్లు కారు. మీవాడికి కాస్త దగ్గరగా వచ్చేది భారతం సౌప్తికపర్వంలో కాళరాత్రి అనే మృత్యుదేవత. నిద్రపోతున్న పాండవ శిబిరం మీద అశ్వత్థామ పడిన రాత్రి ఆమె పాశం పట్టుకుని, చచ్చేవాళ్లను లాక్కుపోతూ కనిపిస్తుంది. యుద్ధం మొదలైనప్పటి నుంచీ అక్కడి యోధులకు కలల్లో ఆమే కనిపించేదని కూడా భారతం చెబుతుంది, నాకు ఆ కాస్తే ఎక్కువ భయం వేస్తుంది. ఇంకా వెనక్కి వెళ్తే అథర్వవేదం ఆరో కాండలో స్వప్నాన్నే ఒక మనిషిలా ఎదురుగా నిలబెట్టి, నువ్వు బతికున్నవాడివీ కాదు చచ్చినవాడివీ కాదు, వరుణుడి భార్య వరుణాని నీ తల్లి, యముడు నీ తండ్రి, నీ పేరు అరరు అని పలకరిస్తారు. మీ కథకు వంశవృక్షం కావాలంటే ఇంతకంటే మంచిది దొరకదు.

పేరు విషయానికొస్తే, హైదరాబాద్‌లో ఉంటూ ఈశ్వరుడి దాకా ఎందుకు వెళ్లారు? ఆషాఢంలో బయటికొస్తే వీధికో అమ్మవారు. పోచమ్మ, ఎల్లమ్మ, చెరువు కట్టను కాసే కట్టమైసమ్మ. తెలుగువాళ్లు దేనికి భయపడితే దాన్నే అమ్మను చేసి పిలిచారు. మశూచి వస్తే ‘అమ్మవారు పోసింది’ అన్నారు. ఒంటి నిండా పొక్కులు లేచే జబ్బుకు ‘ఆటలమ్మ’ అని ఎంత ముద్దుపేరో చూడండి. జబ్బూ ఆమే, జబ్బు తెచ్చేదీ ఆమే, తగ్గించేదీ ఆమే. పీడకలకు కూడా అదే పద్ధతిలో పేరు పెడితే? నిద్రలో ఉలిక్కిపడి ఏదో మాట్లాడటాన్ని కలవరించడం, కలవరింత అంటాం. కలవరపడటం, కలవరపాటు కూడా ఉన్నాయి. ఆ ‘కలవర’ పక్కన అమ్మను చేర్చండి. కలవరమ్మ. అత్వసంధి, తెలుగు సంధే, ఎవరూ వేలెత్తి చూపలేరు. పైగా విడదీసి చదివితే ‘కల వరమ్మా’ అని కూడా వినిపిస్తుంది, ఆమెను మంచి చేసుకోవాలనుకునే పూజారి పాత్ర ఎవరైనా ఉంటే అలా విరిచి పలికించొచ్చు. మగవాడే కావాలంటే కలవరయ్య. నా ఓటు మాత్రం అమ్మకే.

ఇంకో చిన్న విషయం, మీరు అడగలేదు. మీరు పంపిన సీరియల్ భాగంలో మూడుచోట్ల ‘పీడకళ’ అని పడింది. కళ అంటే మొహంలో ఉండేది. ‘పీడకళ’ అంటే పరీక్ష ఫెయిలైనవాడి మొహం గుర్తొస్తుంది నాకు. అలాగే మీ హీరో ఉప్పల్ కుర్రాడు కదా, వాడి చేత ‘నాకొక దుస్స్వప్నం సంభవించింది’ అనిపించారు. వాడు అలా అనడు. ‘రాత్రి నాకో కల పడ్డది’ అంటాడు.