ఎర్ర చందమామకు ఒక ముడి

తిరుపతి

చిరంజీవికి ఆశీస్సులు.

రెండు చందమామలుండే లోకం మీద నువ్వు రాస్తున్న ఫాంటసీ నవలలో మొదటి ఆరు అధ్యాయాలు, వాటి ముందు పెట్టిన క్యాలెండరు పట్టిక అందాయి. నాలుగో అధ్యాయంలో ఒక ముసలామె ఉంది చూడు, కొడుకు ఊరు విడిచిన నాటి నుంచి ఎర్ర చందమామ నిండినప్పుడల్లా కొంగున ఒక ముడి వేసుకునే ఆమె. ఆమె కోసమే ఈ ఉత్తరం. "నీ కొడుకు పోయి ఆరేళ్ళు, అరవై నెలలు" అని పూజారి అంటే, ముడులు తడుముకుని "కాదు సామీ, యాభై ఎనిమిదే" అంటుంది. అక్కడ కాగితాలు పక్కన పెట్టి కాసేపు వాకిట్లో కూర్చున్నాను.

తర్వాత లోపలికొచ్చి పెన్సిలు తీసుకుని లెక్క వేశాను. తల్లీ, నీ పట్టిక ప్రకారం ముసలామెదే తప్పు. ఏడాదికి 400 రోజులన్నావు. ఎర్ర చందమామ 40 రోజులకోసారి, తెల్ల చందమామ 25 రోజులకోసారి నిండుతాయన్నావు. అంటే ఎర్రది ఏడాదికి సరిగ్గా పదిసార్లు, తెల్లది పదహారుసార్లు. ఎక్కడా ఒక్క పూట కూడా మిగలదు. ఆరేళ్ళకు అరవై ముడులు పడి తీరాలి. మరి ఆమె ఎందుకు కాదంది? వయసు మీద పడి మరిచిపోయిందని నువ్వు అనుకుంటే మాత్రం నాకు కోపం వస్తుంది. ఆ పేజీ చదివిన ఎవరైనా ఆమెనే నమ్ముతారు.

మిగలని లెక్క పెట్టుకుని కథ రాయకూడదు. ముప్పై ఏళ్ళుగా అందరికీ ఇదే చెబుతున్నాను. మన పన్నెండు చాంద్రమాసాలు కలిపితే 354 రోజులే. సూర్యుడి ఏడాదికి దాదాపు 11 రోజులు తక్కువ. ఆ తరుగు పెరిగి పెరిగి, 32, 33 నెలలకోసారి అధిక మాసం వస్తుంది. అధిక మాసం వచ్చిన ఏడాది కొండమీద రెండు బ్రహ్మోత్సవాలు చేస్తారు. 2023లో అధిక శ్రావణం వచ్చింది, సెప్టెంబరులో ఒకటి, అక్టోబరులో ఒకటి జరిగాయి. ఆ ఏడు మా వీధిలో పూలు కట్టేవాళ్ళకు, లాడ్జీల్లో పనిచేసే పిల్లలకు రెండుసార్లు నిద్ర లేదు. ఆకాశంలో కుదరని లెక్క వీళ్ళ కళ్ళమీదికి వచ్చింది.

మా నాన్న 1985లో అధిక శ్రావణంలో పోయాడు. పదో రోజు అమ్మ పురోహితుణ్ణి అడిగింది: "వచ్చే ఏడు ఈ నెలే ఉండదు కదయ్యా, ఆయనకు ఏ రోజు పెట్టాలి?" మామూలు శ్రావణంలో అదే తిథికి పెట్టమని ఆయన చెప్పాడు. అమ్మ అలాగే పెట్టింది. కానీ ఏటా ఉగాదికి కొత్త పంచాంగం రాగానే ముందు వెతికేది అధిక శ్రావణం కోసమే. 2004లో, తారణ నామ సంవత్సరంలో, మళ్ళీ వచ్చింది. పంతొమ్మిదేళ్ళు. అప్పటికి అమ్మకు చూపు ఆనడం లేదు. నా చేత చదివించుకుని, "ఈసారి సరైన రోజు" అంది.

దీన్ని కథగా రాసి ఒక వారపత్రికకు పంపితే, ఈ తిథుల గొడవ పాఠకులకు ఎక్కదని తిప్పి పంపారు. ఇంకో పత్రిక ఎడిటర్ నా వేరే కథ వేసుకుంటూ "బారెడు పొద్దెక్కినాక" అని నేను రాసినదాన్ని "ఉదయం ఎనిమిది గంటలకు" అని మార్చాడు. ఆ కథ జరిగే పల్లెలో ఎవరింట్లోనూ గడియారం లేదు. ఆకాశం మీదికి చెయ్యి చాపి బార కొలిచి పొద్దు చెప్పే మనిషిని ఆయన ఒక్క గీతతో కొట్టేశాడు. ఇప్పటికీ ఆ పత్రిక కనబడితే నాకు మనసు చివుక్కుమంటుంది.

నీ పదకొండు పేజీల పట్టిక చూస్తే ఆ ఎడిటరే గుర్తొచ్చాడు. ఇప్పుడు ప్రతి ఫాంటసీ ముందూ మ్యాపు, పదకోశం, నెలల పేర్ల జాబితా ఉండాలని ఎవరో రూలు పెట్టినట్టుంది. చిత్తూరు పక్కన మా తాత ఇంట్లో ఎన్ని క్యాలెండర్లు ఉండేవో విను. పండగలకు ఉగాదితో మొదలయ్యే పంచాంగం. చెనిక్కాయలు విత్తడానికి మృగశిర, ఆరుద్ర కార్తెలు. శిస్తుకు జులై 1న మొదలయ్యే ఫసలీ. పిల్లల బడికి ఇంగ్లీషు నెలలు. పక్కింటి అరవ వాళ్ళకు చిత్తిరై ఒకటి సంవత్సరాది. వాళ్ళతో కలిసి మా అవ్వ ఆడి కృత్తికకు కావడి ఎత్తుకుని తిరుత్తణి పోయేది. తిరుత్తణి 1960 దాకా మన జిల్లాలోదే. రాష్ట్రం మారినా అవ్వ నెల మారలేదు. ఎవరూ ఎవరికీ పట్టిక ఇవ్వలేదు. ఏ పనికి ఏ లెక్కో చిన్నపిల్లలకు కూడా తెలిసేది.

పదిరోజుల వారం పెట్టావు. మంచిదే. కానీ కూలి ఎప్పుడిస్తారు? సంత ఏ రోజు? 1793లో ఫ్రాన్సులో విప్లవ ప్రభుత్వం పదిరోజుల వారమే తెచ్చింది. ఏడు రోజులకోసారి దొరికే సెలవు పదిరోజులకోసారి అయింది. జనం పాత ఆదివారాన్ని వదల్లేదు. 1806 జనవరి 1న పాత క్యాలెండరే తిరిగి వచ్చింది. నీ రాజు శాసనం చేశాడని రాశావే గానీ, నీ కూలివాళ్ళు ఒక్కరూ నోరు మెదపలేదు. పైగా మూడో అధ్యాయంలో మీ హీరో "వారం రోజుల్లో వస్తా" అంటాడు. వాళ్ళకు అది ఏడా, పదా? "రెండు సంతలు దాటేలోపు వస్తా" అనిపించు, చాలు.

ఇంకొకటి. తెలుగులో నెల అంటే చందమామే. నెలవంక అంటాం కదా. రెండు చందమామలున్న ఊళ్ళో ఒకరు "నెల తప్పింది" అంటే ఏ నెల? ఎర్రదా, తెల్లదా? ఇంత మంచి పదం భాషే నీ చేతిలో పెట్టి ఉంటే, నువ్వు నెలలకు నోరు తిరగని పేర్లు పెట్టుకుని కూర్చున్నావు.

నువ్వు చేయాల్సింది చాలా చిన్నది. ఎర్ర చందమామను 41 రోజులు చెయ్యి. ఆరేళ్ళకు 2400 రోజులు. 41తో భాగిస్తే యాభై ఎనిమిది నిండు చందమామలు, ఇంకా కొన్ని రోజులు. ముసలామె చెప్పిందే నిజమవుతుంది. గుడివాళ్ళు మాత్రం ఎప్పుడో ఒక రాజు కాలంలో ఏడాదికి పది నెలలని రాయించుకుని, ఆకాశం వైపు చూడడం మానేశారు. ఇప్పుడు ఆలోచించు. ఆమె కొడుకు అప్పు చేసి ఊరు విడిచాడు. వడ్డీ నెలకు నూటికి రెండు. గుడి లెక్కలో అరవై నెలల వడ్డీ, ఆమె కొంగులో యాభై ఎనిమిది. ఆ రెండు నెలల డబ్బు ఎవరు తిన్నారు? ఆమె కొంగు విప్పి పంచాయతీలో అందరి ముందూ ముడులు లెక్కపెట్టే రోజు ఒకటి నీ నవలలో రావాలి. నీ యుద్ధాలన్నీ దాని తర్వాతే.

మూడు భాగాలుగా రాయాలా, పబ్లిషర్ ఎవరు అని అడిగావు. అవి ఇప్పుడొద్దు. పట్టిక తీసేసి, ముసలామెతో మొదలుపెట్టి మళ్ళీ పంపు. కాగితానికి ఒకవైపే ప్రింటు తీయించు, రెండో వైపు నేను లెక్కలు వేసుకోవాలి.

ఇట్లు
నీ శ్రేయోభిలాషి