పాత సినిమా, రెండు భాషలు: మీ ప్రశ్నలకు జవాబులు

ప్రశ్న: మా అత్తగారు తమిళులు. ఆవిడతో కలిసి ‘గుండమ్మ కథ’ చూద్దామని, తెలుగు, తమిళం రెండు ఆడియోలూ ఉన్నాయన్న ఫైలు ఎవరో పంపితే దించుకున్నాను. తమిళం పెడితే మాటలకీ పెదాలకీ పొంతన లేదు. 60 ఏళ్లు దాటింది కాబట్టి పైరసీ కాదంటున్నారు. నిజమేనా?
– పాఠకురాలు, చెన్నై

జవాబు: పెదాలు ఎలా కలుస్తాయండీ? ఈ సినిమాని తమిళంలోకి డబ్ చెయ్యలేదు, మళ్లీ తీశారు. పేరు ‘మనిదన్ మారవిల్లై’, అదీ 1962లోనే. తెలుగుకి దర్శకులు కమలాకర కామేశ్వరరావు, తమిళానికి చక్రపాణి. ఎన్టీఆర్ వేషం అక్కడ జెమినీ గణేశన్ వేశారు. సావిత్రి, జమున, ఏఎన్నార్ రెండింట్లోనూ ఉన్నా షాట్లు వేరు. మీ ఫైల్లో తమిళం ఎవరో అతికించిందే, ఎంత సర్దినా కుదరదు. తమిళ పేరుతో వెతకండి.

ఇక హక్కుల మాట. సినిమాకి కాపీరైట్ విడుదలైన మరుసటి ఏడాది నుంచి 60 ఏళ్లు. ఆ లెక్కన 2022 డిసెంబర్ 31తో తీరింది. కానీ పాటకీ, బాణీకీ విడిగా హక్కుంటుంది. రాసినవారు పోయాక 60 ఏళ్లు నడుస్తుంది. పాటలు రాసిన పింగళి 1971లో పోయారు, ఆయన పాటలకి 2031 చివరి దాకా ఉంది. బాణీలు కట్టిన ఘంటసాల పోయింది 1974లో, అంటే బాణీలకి 2034 దాకా. అనుమతి లేకుండా ఈ సినిమాని ఊరందరికీ పంచడం ఇప్పటికీ తప్పే.

చట్టం పక్కన పెట్టినా, పాత రీలు డబ్బా తెరిస్తే వెనిగర్ వాసన కొడుతుంది. ఫిల్ము ముడుచుకుపోయి ఉంటుంది. దాన్ని ఒక్కో ఫ్రేమూ శుభ్రం చేసి స్కాన్ చేయించేవాళ్లకి ఖర్చులు రాకపోతే ఇంకో డబ్బా తెరవరు. హక్కుదారుల సొంత ఛానెల్లోనో, కొన్న డిస్కులోనో చూడండి.

ప్రశ్న: పిల్లల సినిమా ఒకటి హిందీ డీవీడీ, తెలుగు డబ్బింగ్ వీసీడీ రెండూ కొన్నాం. ఇంట్లో చూసుకోడానికి తెలుగు ఆడియోని డీవీడీ బొమ్మకి కలిపితే మొదట బాగానే ఉంది. పోనుపోను మాట ముందుకెళ్లిపోతోంది.
– పాఠకుడు, వరంగల్

జవాబు: మన వీసీడీలు మామూలుగా సెకనుకి 25 ఫ్రేములతో నడుస్తాయి, సినిమా తీసింది 24తో. మీ డీవీడీ బొమ్మ ఆ 24 వేగంతోనే ఉన్నట్టుంది. అందుకే ఆడియో నిమిషానికి 2.4 సెకన్లు ముందుకి జరుగుతుంది, గంటకి 2 నిమిషాల 24 సెకన్లు. ఆడాసిటీ అనే ఆడియో సాఫ్ట్‌వేర్‌లో వేగం 0.96కి తగ్గించండి. గొంతు కాస్త దిగుతుంది, కంగారు పడకండి, అదే అసలు శ్రుతి. ఆ తర్వాత కూడా తేడా మొదట్నుంచీ చివరిదాకా ఒకేలా ఉంటే వీడియో చూసే వీఎల్‌సీ ప్లేయర్లో జె, కె మీటలు చాలు, నొక్కినప్పుడల్లా 50 మిల్లీసెకన్లు జరుగుతుంది. ఒక్కచోట ఉన్నట్టుండి తప్పితే మాత్రం అక్కడ సీను కోశారన్నమాట. లేదా వీసీడీలో ఒక డిస్కు అయిపోయి రెండోది మొదలైంది. ఆ చోట ఆడియోని రెండు ముక్కలు చేసి విడివిడిగా సర్దాలి.