మిగిలిపోయే రోజుల లెక్క

పర్లాకిమిడి

చిరంజీవి అమ్మాయికి ఆశీస్సులు.

నీ నవల తొలి మూడు ప్రకరణాలను, వాటితో పాటు పంపిన కాలపట్టికను రెండుసార్లు చదివాను. ఇరవై ఏడు రోజులకొకసారి నిండే తెల్ల చంద్రుడు, నలభై రోజులకొకసారి నిండే ఎర్ర చంద్రుడు, ఆ ఇద్దరూ ఒకే రాత్రి నిండినప్పుడు పొలిమేరలో మొదలయ్యే పదమూడు రాత్రుల ఆట: ఈ ఊహ నీ సొంతం, బలమైనది కూడా. గంజాం పల్లెల్లో వ్రతం పట్టినవారు ఆడే దండనాట చూసి పెరిగిన బరంపురం పిల్లకు తోచవలసిన ఊహే ఇది. అయితే పట్టికలో ఒక పొరపాటు ఉంది; కథ మూడో ప్రకరణం దాటి కదలకపోవడానికి కారణం అదేనని నా నమ్మకం. ఏడాదికి 360 రోజులు పెట్టావు.

లెక్క వేసి చూడు. నీ చంద్రులిద్దరూ 1080 రోజులకొకసారి కలుస్తారు. నీ ఏడాదిలో అది సరిగ్గా మూడేళ్లు కాబట్టి జంట పున్నమి ఎప్పుడూ ఒకే రుతువులో, ఒకే తేదీన వస్తుంది; ఎవరూ తలెత్తి ఆకాశం చూడనక్కరలేదు, ఎవరూ ఎవరితోనూ వాదించనక్కరలేదు. ఏడాదిని 365 రోజులు చేయి. మూడేళ్లకు 1095 రోజులవుతాయి, జంట పున్నమి ప్రతిసారీ పదిహేను రోజులు ముందే వస్తుంది. ఆరు ఆటలు గడిచేసరికి, అంటే సుమారు పద్దెనిమిదేళ్లలో, తొంభై రోజుల తేడా పడుతుంది. చిన్నతనంలో మేష సంక్రాంతి ఎండలో కాలే నేల మీద పొర్లుతూ ఆట నేర్చుకున్న కుర్రవాడు, తాను గురువయ్యే నాటికి పుష్యమాసపు మంచులో అదే ఆట ఆడవలసి వస్తుంది. నేల కాలనప్పుడు ధూళి దండానికి, అంటే ఆ మట్టిలో పొర్లడానికి, అర్థమేమిటి? ఆటను చంద్రుల వెంట పోనివ్వాలా, ఎండ వచ్చేదాకా ఆపాలా? ఈ ప్రశ్న అడిగే మనిషి నీ నవలలో ఇంకా పుట్టలేదు, 360 రోజుల ఏడాదిలో పుట్టలేడు కూడా.

మన ఆకాశం కూడా సరిగ్గా భాగించడానికి లొంగదు. చాంద్రమాసం సుమారు 29.53 రోజులు, పన్నెండు మాసాలు కలిపితే 354 రోజులే వచ్చి, సూర్యుడి లెక్కకు పదకొండు రోజులు తక్కువ పడతాయి. ఆ లోటు పూడ్చడానికే దాదాపు ముప్పై మూడు నెలలకొకసారి అధికమాసం వస్తుంది. మన ఇళ్లలో ఆ నెల పెళ్లిళ్లకూ గృహప్రవేశాలకూ పనికిరాదు. పూరీలో మాత్రం ఆషాఢం అధికమైన ఏడాదే నవకళేబరం జరిగి, జగన్నాథుడు పాత దారువును, అంటే కొయ్య విగ్రహాన్ని, విడిచి కొత్త దారువులోకి వస్తాడు. 1977, 1996, 2015: పందొమ్మిది సౌర సంవత్సరాలు 235 చాంద్రమాసాలకు చాలా దగ్గరగా ఉండటం వల్ల ఆ వ్యవధి అలా వచ్చింది. కానీ 1977కు ముందుది 1969లో, ఎనిమిదేళ్ల తేడాతోనే జరిగింది. లెక్కకు మిగిలిపోయిన నెలను ఒక సంప్రదాయం తన అతి పెద్ద ఘట్టానికి ఎంచుకున్నదంటే, నీవు పట్టికలోంచి తుడిచేసిన ఐదు రోజుల్లో ఎంత కథ ఉండేదో ఆలోచించు.

మా వీధి సంగతి ఒకటి చెబుతాను. మా ఇంట్లో తెలుగు పంచాంగం, పక్క ఒడియా ఇంట్లో వారి పంచాంగమైన పాంజి ఉండేవి. మనకు నెల అమావాస్యతో ముగుస్తుంది, వారి పూజల లెక్కలో పున్నమితో ముగుస్తుంది. అందుకే మా అమ్మ శ్రావణ బహుళ అష్టమి అని ఉపవాసమున్న రాత్రే పక్కింటి పెద్దమ్మ భాద్రవ కృష్ణ అష్టమి అని ఉపవాసముండేది. కృష్ణుడు ఒక్కడే, రాత్రీ ఒక్కటే, నెల పేర్లు రెండు. 1936 ఏప్రిల్ 1న ఒడిశా రాష్ట్రం ఏర్పడక ముందూ ఆ రెండు లెక్కలు గోడకు అటూ ఇటూ ఉన్నవే. నీ లోకంలో అన్ని ఊళ్లకూ ఒకే పట్టిక ఇచ్చావు. వాగుకు ఆవలి ఊరు తెల్ల చంద్రుడు నిండిన రోజున నెల ముగించుకుంటే, ఈవలి ఊరు వాడు మాయమైన రోజున ముగించుకోనీ.

ఇక ఆట గురించి. నీ రచనలో కాలపట్టిక ముందు ఉంది, ఆట దాని ప్రకారం నడుస్తోంది. కాగితం లేని లోకానికి ఇది తిరగబడాలి. దండనాటలో పదమూడో, పద్దెనిమిదో, ఇరవై ఒకటో రోజులు నియమంతో గడిపి, మేష సంక్రాంతి నాడు ముగించే భోక్తలను, అంటే వ్రతం పట్టిన ఆటగాళ్లను, గుర్తు తెచ్చుకో: మట్టిలో పొర్లడం, నీటిలో దండం, రాత్రంతా ఆట. వారికి రోజుల లెక్క ఒంటి మీదే ఉంటుంది, మోచేతులు గీసుకుపోయిన తీరు చూసి ఎన్నో రోజో చెప్పవచ్చు. నీ లోకంలో అసలు పంచాంగం ఆటగాళ్ల దేహమే అనుకో. అప్పుడు ఒక ఆటగాడు ఏడో రాత్రి కుప్పకూలితే ఊరికి ఒక రోజు తప్పిపోతుంది. ఆకాశం కొలిచే నీ ముసలి జ్యోతిష్కుడికి గాజు కటకాలు ఇవ్వకు. 1835లో ఒడిశాలోని ఖండపడాలో పుట్టిన జ్యోతిష్కుడు పఠాణి సామంత దుర్భిణి లేకుండా, వెదురుతోనూ కర్రతోనూ తాను చేసుకున్న పరికరాలతోనే గ్రహగతులను కొలిచాడు. నీ జ్యోతిష్కుడి పరికరాలు కూడా అతని అడవిలోంచే రావాలి.

నెలల పేర్ల గురించి నీవు అంతగా బెంగపడనక్కరలేదు. పున్నమి చంద్రుడు కృత్తిక దగ్గర ఉంటే కార్తికమన్నట్టు, చూసినదాన్నిబట్టి పేరు పెట్టుకుంటూ పో.

ప్రస్తుతానికి పట్టికను పక్కన పెట్టి ఒక్క రాత్రి రాసి పంపు. జంట పున్నమి, కానీ మబ్బు పట్టి ఇద్దరు చంద్రులూ కనబడటం లేదు. డప్పులు కాచి సిద్ధంగా పెట్టుకున్నారు, పెద్ద ఆటగాడు ఉపవాసంతో కూర్చుని ఉన్నాడు, జ్యోతిష్కుడు నోరు విప్పడం లేదు. అంతలో వాగుకు ఆవలి ఊళ్లో దరువు మొదలైంది.

శుభాశీస్సులతో,
నీ మాస్టారు