ఏ1 నుంచి ఏ6 దాకా: కొత్తగా రాస్తున్న తమ్ముడికి

తమ్ముడూ,

నీ కథ చదివాను. ఇంట్లో జరిగే గొడవ బాగా పండింది గానీ కోర్టు మెట్లెక్కగానే అది సినిమా అయిపోయింది. జడ్జిగారు సుత్తి కొట్టడం తీసెయ్, మన కోర్టుల్లో సుత్తి ఉండదు. అది చిన్న విషయమే. అత్తగారి చేత కోడలి మీద ఫోర్ నైంటీ ఎయిట్ ఏ పెట్టించావు చూడు, అది మాత్రం కుదరదు. 1983లో ఐపీసీలో చేర్చిన ఆ సెక్షన్ భార్యను హింసించిన భర్త మీదా, అతని బంధువుల మీదా పెట్టేది. 2024 జూలై 1 నుంచి అది ఐపీసీ బదులు వచ్చిన భారతీయ న్యాయ సంహితలో 85, 86 సెక్షన్లయింది, శిక్ష మాత్రం పాతదే, మూడేళ్ల దాకా జైలు, జరిమానా. అలాగని అత్తగారికి దారే లేదని కాదు. 2005 నాటి గృహహింస చట్టంలో ఫిర్యాదు మగవాళ్ల మీదే అన్నట్టున్న మాటల్ని 2016లో సుప్రీంకోర్టు కొట్టేసింది కాబట్టి, ఆవిడ కోడలి మీద దాని కింద మేజిస్ట్రేటు దగ్గరికి వెళ్లొచ్చు. అక్కడ అడిగేది రక్షణ, ఇల్లు, డబ్బు. ఆ చట్టం మొదటి వాయిదా మామూలుగా మూడు రోజుల్లో, తీర్పు అరవై రోజుల్లో అంటుంది. కోర్టు వరండాలో ఆ మాటంటే గుమాస్తా నవ్వుతాడు.

ఇక అరెస్టు. కోడలు ఫిర్యాదు ఇచ్చిన సాయంత్రమే జీపు వచ్చి ముసలాయన్ని ఎక్కించుకుపోయిందని రాశావు. ఒకప్పుడు జరిగేది. ఏడేళ్ల లోపు శిక్ష పడే నేరాల్లో అవసరమేమిటో రాతపూర్వకంగా చూపకుండా అరెస్టు చేయొద్దని 2014లో సుప్రీంకోర్టు గట్టిగా చెప్పాక, ఎక్కువగా ముందు వచ్చేది విచారణకు రమ్మనే నోటీసే. చాలాచోట్ల అంతకన్నా ముందు మహిళా స్టేషన్‌లో కౌన్సెలింగ్ ఉంటుంది. ఆ గదిని నువ్వు వదిలేశావు, నాకు అదే బాధ. రెండు వైపుల పెద్దమనుషులు, బంగారం లెక్క, పాప ఎవరి దగ్గరుండాలన్న పేచీ, మధ్యలో ఆ పాప తల్లి ఒక్క మాటా మాట్లాడకపోవడం, కథ అక్కడుంది.

అసలు సంగతి ఫిర్యాదు కాగితం. "భర్త, అత్తమామలు, బావగారు, తోడికోడలు, ఆడపడుచు అందరూ కలిసి అదనపు కట్నం కోసం శారీరకంగా, మానసికంగా హింసించారు" అని ఒక్క వాక్యం రాస్తే చాలు, ఏ1 నుంచి ఏ6 దాకా ముద్దాయిలు తయారు. తర్వాత వాళ్లు కేసు కొట్టేయమని హైకోర్టులో క్వాష్ పిటిషన్ వేస్తారు, అక్కడ ఎవరు, ఎప్పుడు, ఏం చేశారని అడుగుతారు. 2022లో బిహార్ నుంచి వెళ్లిన కేసులో, 2024 డిసెంబరులో తెలంగాణ నుంచి వెళ్లిన కేసులో, ఇలా అందర్నీ కలిపి మోపిన ఆరోపణలు నిలవవని సుప్రీంకోర్టు కొట్టేసింది. తెలంగాణ కేసులో భర్త మీదున్నది కూడా పోయింది. నిజంగా హింస పడ్డ స్త్రీ నోరు మూసుకోవాలన్నది తమ ఉద్దేశం కాదని కూడా అదే తీర్పులో ఉంది. వాట్సాప్‌లో తిరిగే ముక్కల్లో ఈ మాట కనపడదు, ఎందుకో నీకు తెలుసు.

ఆ వాక్యం అలా ఎందుకు పుడుతుందో పట్టుకో. ఏడుస్తూ వచ్చిన పిల్ల చెప్పింది వేరే ఉంటుంది, రాసిపెట్టేవాడు పాత ఫిర్యాదు ముందేసుకుని పేర్లు మార్చి రాసేస్తాడు. ఆడపడుచు ఎత్తిపొడిచిన మాటకు తేదీ ఉండదు, వంటింట్లో జరిగినదానికి సాక్షి ఉండడు, చెయ్యి విరిగితే ఆసుపత్రి చీటీ ఉంటుంది గానీ ఆరు నెలలు ఎవరూ పలకరించకపోతే ఏ కాగితం ఉంటుంది? అవతల, పండక్కి మాత్రమే పుట్టింటికొచ్చే ఆడపడుచు ఏ6 అయ్యి, సెలవు పెట్టి వాయిదాలకు తిరుగుతూ, తను ఏం చేసిందో ఛార్జిషీటులో వెతుక్కుంటుంది. ఈ ఇద్దరి కష్టమూ నిజమే కావచ్చు. నీ కథలో మాత్రం ఒకరు దేవత, ఒకరు రాక్షసి.

రెండు మూడు రోజులు మేజిస్ట్రేటు కోర్టులో వెనక కూర్చో, సాధారణంగా ఎవరూ వెళ్లిపొమ్మనరు. ఫ్యామిలీ కోర్టులో కక్షిదారులు కోరితే తలుపులేసి విచారిస్తారు, అక్కడ ఆశ పెట్టుకోకు. హైకోర్టు తీర్పులు వెబ్‌సైట్‌లో ఊరికే దొరుకుతాయి, నాలుగు చదువు, కానీ అందులోని మనుషుల పేర్లూ ఊళ్లూ నీ కథలోకి తేకు. ఆ ఫిర్యాదును ముందు కోడలి నోటితో, తర్వాత రాసిపెట్టినవాడి కలంతో, రెండుసార్లు రాసి పంపు. కోర్టు సీను సంగతి ఆ తర్వాత చూద్దాం.