టీవీలో విమర్శకుల వాదన చూసి ఏ సినిమాకు వెళ్ళాలో తేల్చుకోవచ్చా?

తేల్చుకోవచ్చు. నేను మూడేళ్ళు అలాగే చేశాను. కాకపోతే చివర్లో ఇచ్చే తీర్పును బట్టి కాదు, మధ్యలో జరిగే తగువును బట్టి.

1996లో ఉద్యోగం కోసం షికాగో శివారుకు చేరాను. వారాంతంలో టీవీలో సినీ విమర్శకులు సిస్కెల్, ఈబర్ట్‌ల కార్యక్రమం వచ్చేది. జీన్ సిస్కెల్‌ది షికాగో ట్రిబ్యూన్, రోజర్ ఈబర్ట్‌ది పోటీ పత్రిక సన్‌టైమ్స్. 1975 నుంచి టీవీలో జంటగా కనిపిస్తున్నవాళ్ళు. సినిమా హాలు బాల్కనీలా వేసిన సెట్టులో నడవాకు అటొకరు, ఇటొకరు. ఒకరు కథ చెప్పి, కాసిని దృశ్యాలు చూపించి మాట ముగించీ ముగించకముందే రెండోవారు కుర్చీలో ఇటు తిరిగేవారు. అరగంటలో ఆ వారం సినిమాలు నాలుగైదు, ఆఖర్న నచ్చితే బొటనవేలు పైకి, నచ్చకపోతే కిందికి.

నా గదిలో ఉండే మిత్రుడు ఈబర్ట్ పక్షం, నేను సిస్కెల్ పక్షం. పప్పు కుక్కర్లో పెట్టి టీవీ ముందు కూర్చుంటే విజిల్స్ లెక్క ఏ వారమూ సరిగా తేలలేదు. కొన్నాళ్ళకు వేళ్ళు చూడటం మానేశాను. ఒకరు "మరీ నిదానం" అని విసుక్కుంటే, నిదానపు సినిమాలు ఇష్టపడే నాకు అదే పిలుపు.

తర్వాతెప్పుడో ఇంటర్నెట్‌లో వాళ్ళ 1987 నాటి ఎపిసోడ్ ఒకటి చూశాను. ఈబర్ట్ ఒక కుక్క సాహసాల సినిమా 'బెంజీ ద హంటెడ్'కు వేలు పైకెత్తి, అదే కార్యక్రమంలో పేరున్న దర్శకుడు కూబ్రిక్ వియత్నాం యుద్ధం మీద తీసిన 'ఫుల్ మెటల్ జాకెట్'కు కిందికి దించారు. సిస్కెల్ ఊరుకుంటారా! దానికి ఈబర్ట్ జవాబు: ఏ రకం సినిమాను ఆ రకంలోనే తూచాలి, ఈ రెంటినీ ఒకే తక్కెడలో వేయకూడదు. నా మట్టుకు సిస్కెల్‌దే న్యాయం. కానీ రేటింగు అంటే ఏమిటో ఆ కాసేపటి గొడవలోనే అర్థమైంది.

మన దగ్గర శుక్రవారం మధ్యాహ్నానికల్లా ఐదుకు రెండున్నర, రెండుముప్పావు అని వచ్చి పడతాయి. ఆ పావు ఎక్కడ కలిసిందో, ఎక్కడ తెగిందో చెప్పే నాథుడు ఉండడు. చర్చ పెట్టినా మాట వసూళ్ళ మీదికి మళ్ళుతుంది. కాబట్టి అభిరుచులు కలవని ఇద్దరిని ఎంచుకుని, రెండు మూడు నెలలు వాళ్ళనే వినండి.

1999 ఫిబ్రవరిలో సిస్కెల్ 53 ఏళ్ళకే పోయారు. ఆ కుర్చీలో అతిథులు మారుతూ వచ్చారు. మా గదిలో నాకు పక్షం లేకుండా పోయింది. కొన్ని నెలలు ఏ సినిమాకు వెళ్ళాలో మిత్రుడే నిర్ణయించాడు. వాటిలో సగం నాకు నచ్చలేదు.