లంకకి వెళ్తున్న మేనకోడలికి

బరంపురం

అమ్మడూ,

నిన్న రాత్రి మీ నాన్న ఫోన్ చేసి, నువ్వు శ్రీలంక టూర్‌కి డబ్బు కట్టేశావని చెప్పాడు. వారం రోజులట, బస్సట, గైడట, మనవాళ్ళెవరూ తోడు లేరట. "అక్కా, నువ్వు చెప్తే మానుకుంటుందేమో" అన్నాడు. నేను చెప్పనన్నాను. మన ఇంటి ఆడపిల్ల తన జీతంతో, తన పాస్‌పోర్టుతో సముద్రం దాటి వెళ్తుంటే ఆపే పాపం నాకెందుకు? ఎంత గర్వంగా ఉందో వాడికి చెప్పాను, నీకూ చెప్తున్నాను. ఫోన్ పెట్టేశాక మాత్రం తెల్లవారేదాకా నిద్ర పట్టలేదు. అందుకే ఈ ఉత్తరం. వాట్సాప్‌లో ఇంత రాస్తే నువ్వు సగంలో వదిలేస్తావు, నాకు తెలుసు.

చిన్న విషయాలు ముందు చెప్పేస్తాను. వీసా బదులు తీసుకునే ఆన్‌లైన్ అనుమతి, అదే ఈటీఏకి, వాళ్ళ ప్రభుత్వ వెబ్‌సైట్‌లోనే అప్లై చెయ్యి, మధ్యలో దూరే సైట్ల జోలికి పోకు. పాస్‌పోర్టు జిరాక్స్ ఒకటి పెట్టెలో, ఒకటి మీ నాన్న దగ్గర ఉండాలి. మందులు భుజాన సంచిలో పెట్టుకో, బస్సు డిక్కీలో వేసే పెట్టెలో కాదు. టైము మనకీ వాళ్ళకీ ఒకటే, వాచీ మార్చక్కర్లేదు. నువ్వు వెళ్ళేది ఫిబ్రవరిలో కనక కొండల మీదా, దక్షిణాన గాలె అనే ఊరి వైపూ వానల టెన్షన్ అంతగా ఉండదు. పౌర్ణమి ఎప్పుడు పడిందో మాత్రం చూసుకో. అక్కడ ప్రతి పౌర్ణమీ సెలవే, పోయ అంటారు. ఆ రోజు గుళ్ళ దగ్గర కాలు పెట్టే చోటుండదు.

సిగిరియా రాతికోట సంగతి కొంచెం గట్టిగా చెప్పాలి. దాదాపు 1,200 మెట్లు. చుట్టూ ఉన్న నేల మీంచి ఆ రాయి సుమారు 200 మీటర్ల ఎత్తు నిలబడి ఉంటుంది. తండ్రిని చంపి గద్దెనెక్కిన కాశ్యపుడు 477 నుంచి 495 దాకా దాని మీద కూర్చుని ఏలాడు. తమ్ముడు ఎప్పుడొచ్చి మీద పడతాడోనన్న భయంతో అంత ఎత్తున కోట కట్టుకున్నాడని అక్కడివాళ్ళు చెప్తారు. నువ్వు పొద్దున్నే, గేటు తీయగానే ఎక్కు. మీ గైడు టిఫిన్ తాపీగా కానిచ్చి పదింటికి బయల్దేరదామంటే ఒప్పుకోకు. నేనూ మీ మావయ్యా వెళ్ళినప్పుడు మా బ్యాచ్ అలాగే ఎండలో ఎక్కింది. పై మెట్లకి రెండు పక్కలా కట్టిన సింహం పంజాల దగ్గరికి వచ్చేసరికి నాకు కళ్ళు తిరిగాయి, అక్కడే నీడలో కూర్చుండిపోయాను. రాతి సందుల్లో పెద్ద పెద్ద తేనెతుట్టెలుంటాయి, చప్పుడు చెయ్యొద్దని బోర్డులు పెట్టారు. ఆ బోర్డు కిందే నిలబడి కేకలేసుకుంటూ ఫొటోలు తీసుకునేవాళ్ళుంటారు, వాళ్ళకి దూరంగా ఉండు. గుహలో రంగుల బొమ్మలకి ఫొటో తియ్యనివ్వరు. తియ్యొద్దంటే తియ్యొద్దనే. మన అజంతాకి చుట్టాల్లాంటి బొమ్మలవి, కళ్ళతో చూసుకో.

ఇక అసలు సంగతి. ఇది మీ మావయ్య సంగతి.

ఆయన హైస్కూల్లో సోషల్ చెప్పేవారు కదా. నీ చిన్నప్పుడు నిన్ను జౌగఢ్ తీసుకెళ్ళారు, ఋషికుల్య పక్కన, అశోకుడి శాసనం చూపించడానికి. కళింగ యుద్ధంలో లక్షమంది పోయారని అశోకుడు బాధపడిన 13వ శాసనం దేశంలో వేరేచోట్ల ఉంది. ఆ దెబ్బ తిన్న మన నేల మీద, జౌగఢ్‌లోనూ ధౌళిలోనూ మాత్రం అది చెక్కించలేదు. దాని బదులు ఇక్కడివాళ్ళ కోసం వేరే శాసనాలు రెండు వేయించాడు. ఈ మాట ఆయన ప్రతి బ్యాచ్ పిల్లలకీ చెప్పేవారు. అలాంటి మనిషి శ్రీలంక వెళ్ళాలని ఎన్నాళ్ళనుంచో అనుకున్నది ఒక్క రాయి కోసం.

వాళ్ళ పాత రాజధాని పొలొన్నరువలో నిశ్శంకమల్లుడనే రాజు 1187 నుంచి 1196 దాకా ఏలాడు. తాను కళింగంలో, సింహపురంలో పుట్టానని శాసనాల్లో చెక్కించుకున్నాడు. ఆ సింహపురం శ్రీకాకుళం దగ్గరున్న సింగుపురమేనని కొందరు చరిత్రకారులంటారు. మనం బరంపురంలో పొద్దున రైలెక్కితే భోజనం వేళకి దిగే చోటు! ఆ రాజు వేయించిన పెద్ద శాసనాన్ని గల్‌పొత అంటారు. ఎనిమిది మీటర్లకి పైగా పొడవు, పాతిక టన్నుల బరువు, తాటాకు పుస్తకంలా మలిచి నేల మీద పడుకోబెట్టారు. దాన్ని మిహింతలె నుంచి మోయించుకొచ్చారని ఆ రాయి మీదే రాసుంది. మావయ్య దాని గురించి ఎంత చదివారో నాకు లెక్క లేదు.

ఆ రోజు ప్రోగ్రాంలో పొలొన్నరువ మధ్యాహ్నానికి ఉంది. దారిలో చెక్కబొమ్మల దుకాణం దగ్గర బస్సు ఆపారు. పావుగంట అన్నారు. ఏనుగు బొమ్మల బేరం తెగక గంటన్నర అయింది. తర్వాత భోజనం. ఊరికి చేరేసరికి పొద్దు వాలుతోంది. గైడు గబగబా గల్‌విహారకి తీసుకెళ్ళి, నిల్చున్న బుద్ధుణ్ణీ పడుకున్న బుద్ధుణ్ణీ చూపించాడు. ఆ తర్వాత పాత గుళ్ళన్నీ ఒకచోట ఉన్న ఆవరణలోకి వెళ్ళాం. గుండ్రంగా ఉండే వటదాగె అనే గుడి ముందు గ్రూప్ ఫొటో తీశారు. గేటు మూసేస్తారు, పదండి పదండి అన్నారు. డ్రైవరు హారన్ కొడుతున్నాడు. మీ మావయ్య అటూ ఇటూ చూస్తూ నిలబడ్డారు. "రండి సార్, మీ ఒక్కరికోసం అందరూ ఆగాలా?" అని ఎవరో అన్నారు. అంతే, ఆయన వచ్చేశారు.

రాత్రి హోటల్లో, టికెట్‌తో ఇచ్చిన కాగితం మీద మ్యాపు తెరిచారు. గల్‌పొత ఆ ఆవరణలోనే ఉంది. మేము ఫొటో దిగిన చోటికి ఎదురుగానే, కొద్ది అడుగుల దూరంలో. తల తిప్పి నాలుగడుగులు వేసి ఉంటే కనబడేది. ఆయన ఆ కాగితం మడిచి జేబులో పెట్టుకుని "పోనీలే" అన్నారు.

నాకు ఊరుకోబుద్ధి కాలేదు. పొద్దున్న టిఫిన్ దగ్గర గైడుని పట్టుకుని అడిగాను. అతను మంచివాడేనమ్మా. చాలా నొచ్చుకున్నాడు. "నిన్న బస్సులో ఒక్క మాట చెప్పి ఉంటే ముందు అక్కడికే తీసుకెళ్ళేవాణ్ణి. నా బస్సులో ఎవరు దేనికోసం వచ్చారో నాకెలా తెలుస్తుంది?" అన్నాడు. అప్పటికి పెట్టెలన్నీ బస్సులోకి ఎక్కించేశారు, కాండీ వైపు బయల్దేరుతున్నాం. పిల్లలకి పాఠం చెప్పేటప్పుడు గోడలదిరేలా మాట్లాడే మనిషి, తన కోసం ఒక్క పది నిమిషాలు అడగలేకపోయారు. పదిమందికి ఇబ్బంది అవుతుందని ఆయన మొహమాటం. దుకాణంలో గంటన్నర కూర్చున్నవాళ్ళకి ఆ మొహమాటం లేదు! మళ్ళీ వెళ్దామని అనుకున్నాం. ఆయన ఆరోగ్యం సాగనివ్వలేదు.

నీకూ ఆయన పోలికే వచ్చింది. రెస్టారెంటులో చల్లారిన అన్నం పెట్టినా మార్చమని అడగవు. అందుకని చెప్తున్నాను, మొదటి రోజు ఎయిర్‌పోర్టు నుంచి బస్సు కదిలాక, మధ్యలో టీకి ఆపినప్పుడు, గైడు పక్కన కూర్చుని నీకు కావాల్సినవి చెప్పు. పేర్లు కాగితం మీద రాసి ఇవ్వు. దుకాణాల దగ్గర ఆపినప్పుడు "ఎంతసేపు?" అని అందరి ముందూ అడుగు. రత్నాల షాపు, మసాలా తోట, బాతిక్ గుడ్డలు, ఇవన్నీ వరసగా వస్తాయి. కొనాలనిపిస్తే కొనుక్కో, కాని నీలం రాళ్ళు మాత్రం అసలు కొనకు, మనకి చూడటం తెలియదు. ప్రతి చోటికీ ముందు రోజు రాత్రే మ్యాపు చూసుకుని పడుకో. గల్‌పొత అంచున ఏనుగులు నీళ్ళు పోస్తున్న లక్ష్మి ఉందట. అది నాకు ఫొటో తీసి పెట్టు.

ఒక మాట. అక్కడికి వెళ్ళి "మేం కళింగంవాళ్ళం" అని గొప్పగా చెప్పుకోకు. నిశ్శంకమల్లుడి తర్వాత, 1215లో కళింగం నుంచే వచ్చాడని చెప్పే మాఘుడు సేనతో దిగి ఆ నగరాన్ని నాశనం చేశాడు. వాళ్ళ చరిత్రలో వాడి పేరు చెడ్డ పేరు. అలాగే మొన్నటి వాళ్ళ అంతర్యుద్ధం గురించి డ్రైవర్నీ హోటలువాళ్ళనీ అడగకు. 2009లోనే ముగిసింది కాని, ఎవరింట్లో ఎవరు పోయారో మనకి తెలియదు.

కాండీలో బుద్ధుడి దంతం ఉన్న దంత మందిరానికి సాయంత్రం పూజ వేళకి వెళ్ళు. భుజాలూ మోకాళ్ళూ కప్పి ఉండాలి, నీ కాటన్ చుడీదార్లు సరిపోతాయి. బుద్ధుడికి వీపు పెట్టి సెల్ఫీ తీసుకోకూడదు, చాలా తప్పుగా చూస్తారు. ఆ దంతం కళింగ రాజు గుహశివుడి దగ్గర, దంతపురంలో ఉండేదనీ, ఆయన కూతురు హేమమాల భర్తతో కలిసి, దాన్ని జుట్టులో దాచుకుని ఓడెక్కి వచ్చిందనీ అక్కడ చెప్తారు. ఆముదాలవలస వైపు దంతవక్త్రుని కోట ఉంది చూడు, అదే ఆ దంతపురమని మనవైపు నమ్మకం. ఒక ఆడపిల్ల, అంత విలువైనది తలలో పెట్టుకుని, నాలుగో శతాబ్దంలో సముద్రం దాటింది. మీ నాన్నకి ఈ కథ చెప్పాను. వాడు ఏమీ అనలేదు, కాని ఫోన్‌లో గొంతు కాస్త తేలికపడింది.

కాండీని 1739 నుంచి ఏలిన చివరి నలుగురు రాజులూ మధురై నాయకుల బంధువర్గం, తెలుగు మూలాలవాళ్ళే. ఆఖరివాడు శ్రీ విక్రమ రాజసింహుణ్ణి 1815లో ఇంగ్లీషువాళ్ళు పట్టుకుని వేలూరు పంపేశారు. ఆయన అక్కడే 1832లో పోయాడు. గుడి ముందున్న చెరువు ఆయన తవ్వించిందే. దాని గట్టు మీద కాసేపు కూర్చో. అనురాధపురం వైపు వెళ్తే, పాములాడించుకు బతికే అహికుంటికులనే వాళ్ళుంటారు, ఇంట్లో ఇప్పటికీ ఒకరకం తెలుగు మాట్లాడతారు. కలిస్తే మాట్లాడు. వాళ్ళని వింతగా చూసి ఫొటోలు తియ్యకు.

తిండి గురించి. అన్నం, పప్పు, కొబ్బరి పాలతో కూరలు, మనకి బాగానే పడతాయి. కాని నువ్వు చేప తినవు. అక్కడ కొబ్బరి పచ్చట్లో ఉంబలకడ అని ఎండు చేప పొడి కలుపుతారు, పైకి కనబడదు. అడిగి వేయించుకో. ఇడియాప్పం, పప్పు ఉంటే పొద్దున్నకి బెంగ లేదు.

చివరిగా నా భయం. నీకు పిచ్చి అనిపించవచ్చు, అయినా వినాలి. మా చిన్నతాత గోపాలపురం రేవులో ఓడెక్కి రంగూన్ వెళ్ళాడు. 1942లో బాంబులు పడ్డప్పుడు అక్కడున్న మనవాళ్ళు అడవుల్లోంచి నడిచి వచ్చారు. కొందరు వచ్చారు, ఆయన రాలేదు. ఏమయ్యాడో ఎవరూ చెప్పలేదు. మా మామ్మ పోయేదాకా వీధి తలుపు గడియ పెట్టనిచ్చేది కాదు. ఆ ఇంట్లో పెరిగాను నేను. సముద్రం అవతల ఉన్న మనిషి నుంచి ఒక రోజు కబురు రాకపోతే నాకు కాళ్ళూ చేతులూ ఆడవు. విమానం చెన్నై నుంచి గంటన్నరే అని నువ్వంటావు. అయినా సరే, దిగగానే లోకల్ సిమ్ తీసుకో, రోజూ రాత్రి పడుకునే ముందు ఏ ఊళ్ళో ఉన్నావో, హోటలు పేరేమిటో రాసి పంపు. "ఓకే" అని ఒక్క ముక్క పెడితే కుదరదు. మిరిస్సలో తిమింగలాల పడవ ఎక్కుతానంటే ఎక్కు, లైఫ్ జాకెట్ తీసేశావని తెలిస్తే మాత్రం నీతో మాట్లాడను.

చెన్నైకి కోరమాండల్‌లోనే కదా టికెట్? భువనేశ్వర్‌లో ఎక్కగానే కోచ్ నంబరు పంపు. బరంపురంలో ఆ బండి ఎంత రాత్రికి వచ్చినా నేను స్టేషన్‌కి వస్తాను. పులిహోర, పెరుగన్నం, ఒక చిన్న సీసా నిమ్మకాయ పచ్చడి తెస్తాను. ఆగేది కాసేపే, కాబట్టి ముందే తలుపు దగ్గరకి వచ్చి నిలబడు. పచ్చడి సీసా మూతకి టేపు చుట్టి ఇస్తాను, అయినా విమానంలో చేతి సంచిలో పెట్టనివ్వరు, పెట్టెలో బట్టల మధ్య పెట్టుకో.

నీ మేనత్త