జీటీ 730 కార్డుకు ఏ డ్రైవరు వేయాలి?

ఒంగోలులో పాత జీటీ 730 గ్రాఫిక్స్ కార్డు కొని డీటీపీ కంప్యూటరులో బిగించాక, ఉబుంటు 22.04 (లినక్స్ ఆపరేటింగ్ సిస్టమ్)లో కార్డును నడిపించే సాఫ్ట్‌వేరైన డ్రైవరును కొత్తది ఎక్కించగానే తెర నల్లబడిపోతోందని రాశారు. కార్డు చెడిపోయిందని అప్పుడే తిరిగి ఇచ్చేయకండి, ఇది చాలావరకు డ్రైవరు వల్ల వచ్చే చిక్కే.

ఎన్విడియా 2014లో ఈ ఒక్క పేరుతోనే రెండు తరాల చిప్పులను అమ్మింది. 128 బిట్ల డీడీఆర్3 మెమరీ ఉన్నది ఫెర్మీ, 64 బిట్లది కెప్లర్. అమ్మినవాళ్లకు కూడా ఈ తేడా తెలియకపోవచ్చు గనుక, వాళ్ల మాట మీద ఆధారపడకుండా కంట్రోల్, ఆల్ట్, ఎఫ్3 మీటలు కలిపి నొక్కి, వచ్చిన టెర్మినల్‌లో (ఆదేశాలు టైపు చేసే తెర) లాగిన్ అయి, కంప్యూటరులోని కార్డుల పేర్లు చూపే ఎల్ఎస్‌పీసీఐ (lspci) ఆదేశమిచ్చి చూడండి.

అందులో చిప్పు పేరు జీకే208 (GK208) అని కనిపిస్తే అది కెప్లర్. దానికి 470 శ్రేణి డ్రైవరే ఆఖరిది కాబట్టి, ఇప్పుడున్న ఎన్విడియా ప్యాకేజీలన్నీ పూర్తిగా తీసేసి 470 వేయండి. సెక్యూర్ బూట్ (సంతకం లేని సాఫ్ట్‌వేరును ఆపే భద్రతా ఏర్పాటు) ఆన్‌లో ఉంటే, రీస్టార్ట్ చేసినప్పుడు వచ్చే నీలం తెరలో ఎన్‌రోల్ ఎంఓకే (Enroll MOK) ఎంచుకుని, ఇన్‌స్టాల్ చేసేటప్పుడు పెట్టిన పాస్‌వర్డు ఇవ్వాలి. ఆ తెరను దాటేస్తే డ్రైవరు లోడ్ కాదు.

జీఎఫ్108 (GF108) అని వస్తే 390 శ్రేణి డ్రైవరుతోనే ఆగిపోయిన ఫెర్మీ అన్నమాట. దానికి లినక్స్ కెర్నల్‌తో (సిస్టమ్ మూలభాగం) పాటే వచ్చే నూవో (nouveau) డ్రైవరు చాలు. పేజీమేకింగుకు అంతకు మించి అవసరం లేదు.